విశ్వాస ప్రమాణములో ఒక విశేషణము



మనలో అనేకులు ఆదివార ఆరాధనలో లేచి నిలువబడి అపొస్తలుల విశ్వాస ప్రమాణము చెబుతాము. చిన్ననాటి నుండి నోటికి వచ్చినదే గనుక ఎక్కడా ఆగకుండా చెప్పేస్తాము. అయితే చదువుల కోసమో ఉద్యోగాల కోసమో వెళ్ళి చెన్నైలోనో బెంగళూరులోనో అమెరికాలోనో ఇంగ్లీషు ఆరాధనలో నిలువబడిన మన పిల్లలకు ఒకచోట నోరు ఆగిపోతుంది. అక్కడ ‘హోలీ కాథలిక్ చర్చ్’ అని ఉంటుంది. “అయ్యగారూ, మనం ప్రొటెస్టెంట్లము కదా! కాథలిక్ సంఘమును నమ్ముచున్నామని ఎందుకు చెప్పాలి? ఆ ఒక్క మాట మింగేసి మిగతాది చెప్పవచ్చా?” అని అడుగుతారు. నీవు తెలుగులో పుట్టినప్పటి నుండి చెబుతున్నది కూడా ఆ మాటే నాయనా, మన పెద్దలు దానిని ‘సార్వత్రిక’ అని తర్జుమా చేశారు అంటే ఆశ్చర్యపోతారు.

ప్రియులారా, బడిలో మనం విశేషణము అంటే ఏమిటో నేర్చుకున్నాం. నామవాచకము యొక్క గుణమును తెలియజేసేది విశేషణము. ఎర్ర గుఱ్ఱము, మంచి బాలుడు. కాని మతవిషయాలలో విశేషణము గుణమును చెప్పడము మానేసి, గుంపు పేరుగా మారిపోతుంది. ‘కాథలిక్’ అనే మాటకు జరిగినది అదే. ఈ మాట కోసం చక్రవర్తులు చట్టాలు చేశారు, బిషప్పులు సభలు కూడి వాదించుకున్నారు, పేదవారు దెబ్బలు తిన్నారు. కాబట్టి మింగేసేముందు దాని చరిత్ర తెలుసుకోవడం మంచిది.

ఇది గ్రీకు మాట. ‘కత’ అనగా ‘చొప్పున’ లేక ‘అంతట’. ‘హోలోస్’ అనగా ‘మొత్తము’, ‘ఏ లోటు లేనిది’. రెండు కలిస్తే ‘మొత్తమును బట్టి’ అని అర్థము. క్రైస్తవులకంటే ముందు తత్వవేత్తయైన అరిస్టాటిలు దీనిని వాడాడు. ఒక్కొక్క వస్తువుకు చెందిన సంగతి ఒకటి, ఆ జాతి అంతటికీ చెందిన సంగతి ఒకటి అని విడదీసి, రెండవ దానికి ఈ మాట ఉపయోగించాడు. రెండవ శతాబ్దములో జస్టిన్ అనే హతసాక్షి మృతులందరి పునరుత్థానమును గూర్చి వ్రాస్తూ ‘కాథలిక్ పునరుత్థానము’ అన్నాడు. అందరికీ కలిగే పునరుత్థానము అని అతని భావము. అంటే ఇది దేవాలయములో పుట్టిన మాట కాదు, బజారులోను బడిలోను తిరిగిన మాట.

మరి బైబిలులో ఉన్నదా? సంఘమునకు విశేషణముగా లేదు. కాని దాని వేర్లు రెండుచోట్ల కనబడతాయి. అపొస్తలుల కార్యములు 4:18లో యేసు నామమున బోధింపనేకూడదని పేతురు యోహానులను బెదిరించినప్పుడు ‘ఎంతమాత్రమును’ అని మన బైబిలులో ఉన్నచోట మూలములో ‘కథోలూ’ అని ఉన్నది. ఇది వట్టి వ్యాకరణ విషయము, దీనిని వదిలేద్దాము. రెండవది మాత్రం విలువైనది. అదే గ్రంథము 9:31 తీసి చూడండి. యూదయ, గలిలయ, సమరయ ప్రాంతములందు ‘అంతట’ సంఘము సమాధానము కలిగియుండిన సంగతి అక్కడ ఉన్నది. ఆ ‘అంతట’ అనే మాట వెనుక ఉన్నది ‘కథ్ హోలేస్’. ప్రాంతములు మూడు. సంఘము మాత్రం ఏకవచనము. అందులోను యూదయ పక్కన సమరయ! బావి దగ్గర నీళ్ళ విషయములో కూడా ఒకరినొకరు అంటుకోని జనాంగములు వీరు. వారిని కలిపి లూకా ‘సంఘములు’ అని వ్రాయలేదు, ‘సంఘము’ అని వ్రాశాడు.

ఇక ‘కాథలిక్ సంఘము’ అనే జంట మాట మనకు దొరికినంతలో మొదట వ్రాసినవాడు ఇగ్నేషియస్, అంతియొకయ సంఘాధ్యక్షుడు. రెండవ శతాబ్దపు మొదటి సంవత్సరాలలో సైనికులు ఆయనను బంధించి, మృగములకు వేయుటకు రోమాకు తీసుకొని వెళ్తున్నారు. దారిలో త్రోయ నుండి స్ముర్న సంఘమునకు ఒక పత్రిక వ్రాశాడు. అధ్యక్షుడు ఎక్కడ కనబడితే ప్రజలు అక్కడ కూడుకొనవలెననీ, యేసుక్రీస్తు ఉన్నచోట కాథలిక్ సంఘమున్నట్లే ఇదియు అనీ దాని 8వ అధ్యాయములో ఆయన భావము. ఆ మాటకు వివరణ ఇవ్వలేదు. చదివేవారికి అప్పటికే తెలిసినట్టే వ్రాశాడు.

ఇక్కడ ఒక సంగతి గమనించండి. ఇగ్నేషియస్ దినములలో సంఘము లోకమంతట వ్యాపించలేదు. పట్టణమునకు కొన్ని ఇండ్లలో కూడుకొనే చిన్న మందలు. కాబట్టి ‘లోకమంతట ఉన్నది’ అనే అర్థము ఒక్కటే అయితే ఆ మాట ఆ దినములకు సరిపోదు. అన్నం ఉడికిందో లేదో చూడడానికి మన తల్లులు కుండంతా కుమ్మరించరు, ఒక్క మెతుకు పట్టి చూస్తారు. కుండలో ఉన్నది మెతుకులో ఉంటుంది. క్రీస్తు ఉన్న ఆ చిన్న కూటములో సంఘము ముక్కగా కాదు, మొత్తముగా ఉన్నదని ఇగ్నేషియస్ భావమని నేను గ్రహిస్తున్నాను. అదే పత్రికలో రెండు అధ్యాయముల ముందు, క్రీస్తు నిజముగా శరీరధారి కాలేదని బోధించేవారిని గూర్చి వ్రాస్తూ వారి గుర్తు ఏమిటో చెప్పాడు. విధవరాలిని, అనాథను, బంధించబడినవానిని, ఆకలిగొన్నవానిని వారు పట్టించుకొనరట. శరీరమును కాదనే బోధ ఆకలితో ఉన్న శరీరమును కూడా కాదంటుంది. అటువంటి బోధ మొత్తము సువార్త కాదు, తెగిపోయిన ముక్క.

సుమారు 155లో అదే స్ముర్నలో వృద్ధుడైన పోలికార్పు అగ్నిలో ప్రాణము విడిచాడు. ఆ సంఘమువారు వ్రాసిన వృత్తాంతములో ఈ విశేషణము మళ్ళీ మళ్ళీ వస్తుంది. బంధించడానికి వచ్చినవారికి అన్నపానములు పెట్టించి, ప్రార్థనకు కొంచెము సమయము అడిగి, తనకు తెలిసిన గొప్పవారినీ అల్పులనూ లోకమందంతటనున్న కాథలిక్ సంఘమునూ జ్ఞాపకము చేసికొని ఆయన ప్రార్థించాడని అందులో ఉన్నది. ఇక్కడ ‘అంతట’ అనే అర్థము బలముగా వచ్చింది. చావబోయేవాడు తన ఊరి సంఘము కోసం మాత్రమే ప్రార్థించలేదు.

తరువాత రెండు వందల సంవత్సరములకు, సుమారు 350లో, యెరూషలేములో సిరిల్ అనే అధ్యక్షుడు బాప్తిస్మమునకు సిద్ధపడేవారికి పాఠములు చెబుతూ ఈ మాటకు చాలా చక్కని వివరణ ఇచ్చాడు. సంఘము భూమి ఈ చివరి నుండి ఆ చివరి వరకు ఉన్నది గనుక కాథలిక్. మనుష్యులు తెలిసికొనవలసిన సత్యములన్నిటిని ఏ కొదువ లేకుండా బోధిస్తుంది గనుక కాథలిక్. పాలించేవారినీ పాలింపబడేవారినీ, చదువుకున్నవారినీ చదువు లేనివారినీ, సమస్త మానవజాతిని దేవుని భక్తి క్రిందికి తెస్తుంది గనుక కాథలిక్. ఆత్మతోను శరీరముతోను చేసిన అన్ని విధములైన పాపములకు చికిత్స చేస్తుంది గనుక, అన్ని సద్గుణములు కలిగియున్నది గనుక కాథలిక్. ఇందులో ఒక్కటి మాత్రమే భూగోళము సంగతి అని గుర్తుంచుకోండి.

అయితే అదే పాఠములో సిరిల్ మరొక మాట కూడా అన్నాడు. మీరు కొత్త ఊరికి వెళ్ళినప్పుడు ప్రభువు మందిరమెక్కడ అని ఊరకే అడగవద్దు, ఎందుకంటే తప్పుడు బోధకులు కూడా తమ గుహలకు ఆ పేరే పెట్టుకుంటారు, కాథలిక్ సంఘమెక్కడ అని అడగండి అని భావము. చూశారా? అప్పటికే విశేషణము చిరునామాగా మారుతున్నది. గుణమును చెప్పే మాట గుమ్మము మీది బోర్డు అయింది.

బోర్డు అయిన తరువాత దానికి ప్రభుత్వ ముద్ర పడడానికి ఎక్కువ కాలము పట్టలేదు. 380 ఫిబ్రవరిలో థెయొడోసియస్ చక్రవర్తి థెస్సలొనీకలో ఒక శాసనము వెలువరించాడు. త్రియేక దేవుని గూర్చి పేతురు రోమీయులకు అప్పగించిన విశ్వాసమును పాటించేవారు మాత్రమే ‘కాథలిక్ క్రైస్తవులు’ అనే పేరు ధరించాలి, మిగిలినవారు దైవశిక్షకూ రాజశిక్షకూ పాత్రులు అన్నది దాని సారాంశము. ఆ శాసనములోని సిద్ధాంతము మనమూ నమ్మేదే. కాని సత్యమునకు కత్తి తోడైనప్పుడు ఏమి జరుగుతుందో ఉత్తర ఆఫ్రికాలో కనబడింది.

అక్కడ డోనాటిస్టులు అనే వర్గము ఉండేది. హింసల కాలములో లేఖనములను అధికారులకు అప్పగించిన నాయకుల చేత జరిగిన అభిషేకము చెల్లదని వారు నాలుగవ శతాబ్దపు ఆరంభములో విడిపోయారు. త్రిత్వమును వారు కాదనలేదు. వారి ఆరాధన కూడా ఇంచుమించు ఒకటే. ఒకే ఊరిలో రెండు మందిరములు, ఇద్దరు బిషప్పులు. ఇరుపక్షాల వారూ ‘కాథలిక్’ మేమే అన్నారు! అగస్టీన్ ఏమన్నాడంటే, ఆఫ్రికా దాటి లేని సంఘము కాథలిక్ ఎలా అవుతుంది, సంఘము లోకమంతట ఉండాలి కదా అన్నాడు. డోనాటిస్టులు, ఆ మాట విస్తీర్ణమును బట్టి రాలేదు, దేవుని ఆజ్ఞలన్నిటిని, సంస్కారములన్నిటిని సంపూర్ణముగా పాటించుటను బట్టి వచ్చింది అన్నారు. ఒకరు ‘అంతట’ అనే సగము పట్టుకున్నారు, ఒకరు ‘లోటులేని’ అనే సగము పట్టుకున్నారు. మొత్తము అనే అర్థమున్న మాటనే చెరిసగము చీల్చుకున్నారు.

411లో కార్తేజి పట్టణములో చక్రవర్తి ప్రతినిధి ఎదుట రెండు పక్షముల బిషప్పులు వందలకొలది కూడి వాదించారు. తీర్పు డోనాటిస్టులకు విరోధముగా వచ్చింది. మరుసటి సంవత్సరము వచ్చిన చట్టములో, మారనివారికి హోదాను బట్టి బంగారములో జరిమానాలు విధించారు. ధనవంతుడికి జరిమానా. భూస్వామి పొలములో పనిచేసే కౌలు రైతుకు మాత్రం దెబ్బలు. అగస్టీన్ గొప్ప వేదాంతి. కృపను గూర్చి ఆయన వద్ద నేర్చుకోని ప్రొటెస్టెంటు పాదిరి లేడు. ఆయన మొదట బలవంతము వద్దన్నాడు. చట్టములకు భయపడి ఊళ్ళకు ఊళ్ళు తిరిగి రావడము చూసి మనసు మార్చుకున్నాడు. లూకా 14వ అధ్యాయములోని విందు ఉపమానములో అతిథులను బలవంతము చేసి తెమ్మన్న మాటను ఆధారముగా చూపాడు. ఈ విషయములో ఆయన పొరబడ్డాడని నేను నిస్సంకోచముగా చెబుతాను. ఆ పొరపాటు తరువాతి వెయ్యి సంవత్సరములలో ఎంతోమందికి ఆయుధమైంది. ఉన్నవారినీ లేనివారినీ ఒక్కచోటికి తెస్తుంది అని సిరిల్ చెప్పిన విశేషణము పేరట ఉన్నవాడికి ఒక శిక్ష, లేనివాడికి వేరొక శిక్ష!

ఇక సంస్కరణ కాలమునకు వద్దాము. మధ్యలో 1054లో తూర్పు సంఘములు, పడమటి సంఘములు విడిపోవుట మీకు తెలిసినదే. తూర్పువారు ఆర్థడాక్సు అనే పేరుతో పిలువబడినా తమ విశ్వాస ప్రమాణములో కాథలిక్ అనే మాటను ఈనాటికీ విడువలేదు.

లూథరు ఈ మాటను తీసివేశాడని కొందరంటారు. అది పూర్తిగా నిజము కాదు. 1529లో ఆయన వ్రాసిన చిన్న ప్రశ్నోత్తర గ్రంథములో ‘పరిశుద్ధ క్రైస్తవ సంఘము’ అని ఉన్న మాట వాస్తవమే. కాని జర్మను భాషలో అలా చెప్పే వాడుక ఆయనకు ముందే ఉన్నది. మరుసటి సంవత్సరము లూథరు పక్షమువారు చక్రవర్తికి సమర్పించిన ఆగ్స్‌బర్గ్ ఒప్పుకోలులో, మా బోధలో లేఖనములకు గాని కాథలిక్ సంఘమునకు గాని విరుద్ధమైనది లేదని వాదించారు. అంటే మేము కొత్త సంఘము పెట్టలేదు, మొత్తములోనే ఉన్నాము అని వారి మనవి. 1563లో హైడెల్‌బర్గ్ ప్రశ్నోత్తరిలో ‘సాధారణ’ అనే అర్థమిచ్చే జర్మను మాట, ‘క్రైస్తవ’ అనే మాట రెండూ పక్కపక్కన పెట్టారు. ఇంగ్లాండులో ఆంగ్లికనులు తమ ప్రార్థనా గ్రంథములో కాథలిక్ అనే మాటను అలాగే ఉంచారు. ప్యూరిటను బోధకుడైన విలియం పెర్కిన్స్ పోపు అధికారమును గట్టిగా ఎదిరించినవాడు. ఆయన తన పుస్తకమునకు పెట్టిన పేరు ‘సంస్కరింపబడిన కాథలిక్’. 1646లో ముగిసిన వెస్ట్‌మినిస్టర్ ఒప్పుకోలు 25వ అధ్యాయము ఆరంభమే ‘కాథలిక్, అనగా సార్వత్రిక సంఘము’ గురించి. మన పితరులెవరూ ఈ మాట మింగలేదు, ప్రియులారా. మాది అని హక్కుగా పట్టుకున్నారు.

అందుకే ‘రోమన్’ అనే రెండవ విశేషణము అవసరమైంది. కాథలిక్ అనే మాటను ఒక్కరికే వదలడానికి ఇష్టము లేని ఇంగ్లీషు ప్రొటెస్టెంట్లు ‘రోమన్ కాథలిక్’ అనే వాడుకను స్థిరపరిచారు. 1829లో బ్రిటిషు పార్లమెంటు వారికి హక్కులిచ్చిన చట్టము పేరులో కూడా అదే ఉన్నది. ఆ పేరు వారందరికీ నచ్చలేదు. 1870లో వాటికను సభలో ‘పరిశుద్ధ రోమన్ కాథలిక్ సంఘము’ అని ముసాయిదాలో ఉంటే, దీనివలన ఇతర కాథలిక్కులు కూడా ఉన్నారనే వాదనకు బలము చేకూరుతుందని ఇంగ్లీషు బిషప్పులు అభ్యంతరము చెప్పి మాటల వరుస మార్పించారు. మన దేశములోనైతే కేరళలోని సీరో మలబారు సంఘమువారు పోపుతో సహవాసములో ఉన్న కాథలిక్కులే, కాని వారి ఆరాధన పద్ధతి రోమా పద్ధతి కాదు, సిరియా సంప్రదాయమునకు చెందినది.

మెథడిస్టు సంఘములకు తండ్రియైన జాన్ వెస్లీ 1750లో ‘కాథలిక్ ఆత్మ’ అనే ప్రసంగము ప్రచురించాడు. వాక్యము 2 రాజులు 10:15, యెహూ యెహోనాదాబును తన రథము మీదికి ఎక్కించుకున్న సందర్భము. హృదయములు కలిసినప్పుడు ఆరాధన పద్ధతులు వేరైనా చెయ్యి కలుపవచ్చునని ఆయన బోధ. అయితే ఏ సిద్ధాంతమైనా ఒకటే అనేవాడు కాథలిక్ ఆత్మగలవాడు కాడని కూడా అందులోనే స్పష్టము చేశాడు. ఆ రెండవ సగము కూడా చదవాలి.

ఇప్పుడు మన తెలుగుదేశములో ఈ విశేషణముల సంగతి చూద్దాము. 1836లో నరసాపురము ప్రాంతమునకు బ్రదరన్ మిషనరీలు వచ్చారు. 1840లో నెల్లూరులో అమెరికను బాప్తిస్టులు, 1841లో మచిలీపట్నములో చర్చి మిషనరీ సొసైటీవారు, 1842లో గుంటూరులో లూథరను హేయర్ దొరగారు, 1874లో కాకినాడలో కెనడా బాప్తిస్టులు. ఒకరి పొలములో ఒకరు కోయకూడదని మిషనులు తమలో తాము ప్రాంతములు పంచుకొన్నాయి. మంచి ఉద్దేశమే. ఫలితమేమిటంటే, మన తాతగారు లూథరనా, బాప్తిస్టా, ఆంగ్లికనా అన్నది ఆయన లేఖనములు పరిశోధించి తేల్చుకున్నది కాదు. ఏ తాలూకా ఏ మిషనుకు వచ్చిందో దానిని బట్టి వచ్చింది. జర్మనీ రాజుల తగాదా వలన పుట్టిన విశేషణము గుంటూరు జిల్లా పల్లెలో ఇంటిపేరులా అంటుకుంది. పల్లెలో ఈనాటికీ ‘ఆర్.సి.ఎం. వాళ్ళు’, ‘లూథరన్ వాళ్ళు’, ‘బాప్తిస్టు వాళ్ళు’ అంటాము. ఆర్.సి.ఎం. అనగా రోమన్ కాథలిక్ మిషను అని చాలామందికి గుర్తే లేదు, అదొక బడి పేరు. వారు తమ సంఘమును ‘కతోలిక శ్రీసభ’ అంటారు, మనం ‘సార్వత్రిక సంఘము’ అంటాము. వారు గ్రీకు మాటను అలాగే ఉంచారు, మనము అనువదించుకున్నాము. మాట ఒక్కటే.

దీనికి కులము కూడా తోడైంది. ఒంగోలు ప్రాంతములో క్లౌ దొరగారి కాలములో, 1878 జులైలో ఒక్కనాడే 2222 మంది బాప్తిస్మము పొందారు. వారు ఎక్కువగా మాదిగలు. గుంటూరు వైపు లూథరను సంఘములలో మాలలు ఎక్కువ. కాబట్టి కొన్ని ఊళ్ళలో సంఘము పేరు చెబితే కులము చెప్పినట్టే అయింది. మందిరము వేరు, సమాధుల దొడ్డి వేరు. ఇది చెప్పుకోవడానికి మనకు ఇబ్బందే. అయినా యూదయ సమరయలను ఏకవచనములో వ్రాసిన వాక్యమును చదివి, సార్వత్రిక సంఘమును నమ్ముచున్నానని చెప్పి, పక్క వీధి మందిరములో ప్రభువు బల్లకు వెళ్ళని ఊళ్ళు మనకు ఉన్నాయి. పెండ్లి సంబంధము దగ్గర ఏమి జరుగుతుందో నేను చెప్పనవసరము లేదు.

ఈ బాధ ఎరిగినవాడు దోర్నకల్ బిషప్పు అజరయ్య గారు. తమిళుడైనా తెలుగు నేర్చుకొని మన పల్లెలలో తిరిగాడు. 1912 డిసెంబరులో కలకత్తాలో అభిషేకము పొంది, ఆంగ్లికను సంఘములో మొదటి భారతీయ బిషప్పు అయ్యాడు. 1919 మే నెలలో తరంగంబాడిలో 33 మంది సేవకులు కూడినప్పుడు ఆయన అందులో ముఖ్యుడు. వారిలో ఇద్దరు తప్ప అందరూ భారతీయులే. మేము ఎంచుకోని చీలికలు మా మీద ఎందుకు ఉండాలి అన్నది వారి మొర. అక్కడ మొదలైన ఐక్యత సంభాషణ 28 సంవత్సరములు సాగింది. 1947 సెప్టెంబరు 27న మద్రాసులో దక్షిణ ఇండియా సంఘము ఏర్పడింది. అజరయ్య గారు దానిని చూడలేదు. 1945 జనవరి 1న ప్రభువునందు నిద్రించారు.

ఆ 28 సంవత్సరములు ఎందుకు పట్టిందో తెలుసా? మన విశేషణము వలననే. బిషప్పుల చేత అభిషేకము పొందని సేవకులను మళ్ళీ అభిషేకించకుండా చేర్చుకుంటే కొత్త సంఘము ‘కాథలిక్’ అవుతుందా అన్నదే పెద్ద చిక్కు. ఇగ్నేషియస్ మాటలో అధ్యక్షుడు ఉన్నాడు కదా, అధ్యక్షుడు లేని పరంపర ఎలా చెల్లుతుంది అని ఒక పక్షము. అదే మాటలో యేసుక్రీస్తు ఉన్నచోట అని ఉన్నది కదా అని రెండవ పక్షము. చివరికి ఉన్న సేవకులందరినీ అలాగే అంగీకరించి, ఇకమీదట అభిషేకములన్నీ బిషప్పుల చేత జరగాలని ఒప్పుకొన్నారు. నంద్యాల ప్రాంతములోని ఆంగ్లికను సంఘములలో చాలా భాగము అప్పుడు చేరలేదు. అవి దక్షిణ ఇండియా సంఘములోనికి వచ్చేసరికి 1975 అయింది. ఆంధ్ర లూథరను సంఘము, బాప్తిస్టు సంఘములు నేటికీ వేరుగానే ఉన్నాయి.

మన తెలుగు మాట గురించి ఒక్క విషయము చెప్పి ముగిస్తాను. ‘సర్వత్ర’ అనగా అన్నిచోట్ల. దాని నుండి ‘సార్వత్రిక’ వచ్చింది. సార్వత్రిక ఎన్నికలు, సార్వత్రిక సమ్మె, సార్వత్రిక విశ్వవిద్యాలయము అన్నప్పుడు మనం వింటున్నది ఈ మాటే. ‘అంతట’ అనే సగము ఇందులో బాగా పలుకుతుంది. ‘లోటులేని’ అనే సగము పలకదు. పాత అనువాదకుల తప్పు కాదు, ఒక్క మాటలో రెండూ ఇమడవు. 1989లో అమెరికాలోని యునైటెడ్ మెథడిస్టులు తమ కీర్తనల పుస్తకములో కాథలిక్ అనే మాట పక్కన చుక్క గుర్తు పెట్టి, అడుగున ‘సార్వత్రిక’ అనే అర్థమిచ్చే మాట అచ్చువేశారు. వారికీ ఆ సగమే దొరికింది.

కాబట్టి ఆ ఒక్క మాట వదిలేయవచ్చా అని అడిగిన పిల్లలకు నా జవాబు, వదలవద్దు. గొంతు తగ్గించకుండా చెప్పండి. పక్కవారు అడిగితే ఇగ్నేషియస్ పేరు చెప్పండి. రోమా సంఘముతో మనకున్న భేదములు పోపు అధికారము, లేఖనముల స్థానము, నీతిమంతులుగా తీర్చబడుట వంటి విషయములలో ఉన్నాయి. ఈ విశేషణములో లేవు. నీతిమంతులుగా తీర్చబడుటను గూర్చి కూడా 1999 అక్టోబరు 31న ఆగ్స్‌బర్గ్‌లో లూథరనులు, రోమన్ కాథలిక్కులు కలిసి ఒక ప్రకటన మీద సంతకములు చేశారు. అది వేరే పాఠము.

వచ్చే వారము, ప్రభువు చిత్తమైతే, అదే ప్రమాణములో దీని తరువాత వచ్చే ‘పరిశుద్ధుల సహవాసము’ అనే మాటను ధ్యానించుకొందాము. అంతవరకు ప్రభువు కృప మీకు తోడై యుండును గాక. ఆమేన్.